ఎనిమిదో దెబ్బ

అమరిల్లోలో ఆ రాత్రి
పదకొండు నిమిషాలు కురిశాయి వడగళ్ళు.
తెల్లారేసరికి వీధి నిండా
ఎక్కడెక్కడి నంబరు ప్లేట్లో ఉన్న ట్రక్కులు,
తలుపు తలుపుకీ ఒక నవ్వు, ఒక కరపత్రం.

నేను ఇక్కడివాణ్ణే. ఇరవై ఆరేళ్ళుగా
ఈ ఊరి నెత్తి మీద మోకాళ్ళూని బతుకుతున్నాను.
మనుషుల మొహాలకన్నా
వాళ్ళ పైకప్పులే నాకు బాగా గుర్తు.

వెర్నా హాస్‌క్యాంప్ గారి కప్పు
పద్నాలుగేళ్ళ కిందట నేనేసిందే.
స్కూలు బస్సు నడిపేది ఆవిడ,
మా అమ్మాయి ఎక్కేదాకా హారను కొట్టకుండా ఆగేది.
గట్టర్లో చెయ్యి పెట్టి తీశాను:
షింగిల్ రాల్చుకున్న రేణువులు,
పిడికెడు నల్ల ఆవాలు.
"ముసలిదైపోయింది" అన్నాను.
"కప్పు సంగతేనా?" అంది.

బీమావాళ్ళ కుర్రాడు ముందు డ్రోన్ ఎగరేశాడు.
అది కందిరీగలా ఇల్లంతా ముసిరి
ఏమీ తేల్చకుండా దిగింది.
అప్పుడెక్కాడు నిచ్చెన, కొత్త బూట్లతో.
పాత సోఫా నుంచి కోసిన స్పాంజి ముక్క
అతని మోకాళ్ళ కింద వేశాను.
జూలై ఎండకు తారు చర్మాన్ని వదలదు.
పదడుగులకు పదడుగులు సుద్దతో గడి గీశాడు,
దెబ్బ ఉన్నచోటల్లా సున్నా చుట్టాడు.

ఏడు.

"ఎనిమిదుండాలండీ మా కంపెనీకి.
ఏడైతే అతుకు, ఎనిమిదైతే కప్పు.
అదీ పదేళ్ళు దాటింది గనక సగమే ఇస్తాం."
గొంతులో పాపం తప్పేం లేదు.
ఫోను ఛార్జరు కోసం కారు దగ్గరికి దిగాడు.

నేనూ, ఎండా, ఏడు సున్నాలూ మిగిలాం.

కింద నిచ్చెన కదిలింది.
రెండు మెట్లెక్కి వెర్నా చెయ్యి చాపింది.
చేతిలో సుత్తి. గుండ్రటి తలది.
"మా ఆయనది. నీకేమైనా పనికొస్తుందేమో" అంది
నా వైపు చూడకుండా, మెట్టు వైపు చూస్తూ.

నిన్నటి ట్రక్కుల వాళ్ళు దీన్ని పనితనమంటారు.
ఒక్క పోటు. రేణువులు లేచి
లోపలి నలుపు పుండులా కనిపిస్తే చాలు,
ఆకాశం మీద నేరం పడుతుంది.

అబద్ధమెందుకు, ధర్మం గుర్తు రాలేదు నాకు.
లెక్కలు గుర్తొచ్చాయి.
ఈ ఏడాది షింగిల్ కట్ట ధర నాలుగుసార్లు మారింది.
నా కుర్రాళ్ళు ముగ్గురు గోదాములో చేరారు,
ఏసీలో అట్టపెట్టెలు కడతారట.
నిచ్చెన పట్టుకోడానికి మా బావమరిది ఒక్కడే.
కొత్త కప్పంటే వారం కూలి. అతుకంటే పూట.

సుత్తి ఎత్తాను కూడా.

ఎత్తాక కనిపించింది ఆ వరుస.
మేకు మేకుకీ దారం పట్టి
నేను తిన్నగా కొట్టిన వరుస.
ఇన్ని గాలులకూ ఒక్క అంచు లేవలేదు.
దాని మీద నా చెయ్యి పడలేదు.
అంతే. ఇందులో గొప్పేం లేదు.

కుర్రాడు తిరిగొచ్చి ఏడని రాసుకుని పోయాడు.

ఏడు ముక్కలు మార్చాను.
ఆ రంగు తయారీ ఆపి ఆరేళ్ళయిందట.
ముదురు కప్పు మీద లేత మచ్చలు,
వీధి చివరికి కూడా కనిపిస్తాయి.

సాయంత్రం సుత్తి తిరిగివ్వడానికి వెళ్ళాను.
పడమట ఆకాశం పచ్చగా పాకుడు పట్టింది.
వెర్నా టమాటా కుండీలు లోపల పెట్టింది,
కారు షెడ్డులోకి తోసి దుప్పటి కప్పింది,
వరండాలో కుర్చీ వేసుకుని కూచుంది.
కప్పు ఒక్కదాన్నే మబ్బుకు వదిలేసింది.

"ఒక్కటి చాలు, డెల్ఫీనో" అంది,
"ఆ గడిలో పడితే."

సుత్తి గట్టు మీద పెట్టి
నేనూ మెట్టు మీద కూచున్నాను.
ఊళ్ళో అందరూ ఆగిపోవాలని మొక్కుకుంటుంటే
మేమిద్దరం మాత్రం మొక్కకుండా, మాట్లాడకుండా
చెవులు పైకి పెట్టుకుని ఉన్నాం.

టప్‌మంది రేకు మీద.

లేచి చూశాం.
మామూలు వాన.