ఒక మనిషా, ఆ మనిషా

షిల్లాంగ్ హైకోర్టు వెనక గదిలో
రేకుల మీద వాన,
బల్ల మీద పద్దెనిమిది పేజీల వాంగ్మూలం.
ఖాసీలోంచి ఇంగ్లీషులోకి మారుస్తోంది బలారిహున్,
పేజీకి ఇంతని లెక్క.
పదకొండో పేజీలో పెన్సిలు ఆగింది.

ప్రశ్న: ఆ రాత్రి చీపురుగడ్డి కొండ దారిలో ఎవరిని చూశావు?
అన్నం కొట్టు సిల్వర్లిన్ జవాబు: ఉ బ్రియు.
మనిషిని.
ప్రశ్న: ముఖం చూశావా?
జవాబు: ఙామ్ తిప్. తెలీదు.
(మనం పలక మీద దిద్ది వదిలేసిన ఙ
వాళ్ళ నోళ్ళలో రోజూ తిరుగుతుంది.)

రెండో జవాబుతో పేచీ లేదు. మొదటిదే.
మన తెలుగైతే ‘మనిషిని చూశాను’ అని ఊరుకునేవాళ్ళం.
ఇంగ్లీషు ఊరుకోదు,
ఒక మనిషినా, ఆ మనిషినా
తేల్చి కదలమంటుంది.
‘ఒక’ అంటే తెయిబోర్ తన ఇంట్లో పడుకుంటాడు.
‘ఆ’ అంటే జైల్లో.

ఆమె ‘ఒక’ అని రాసింది. చెరిపింది.
‘ఆ’ అని రాసింది. చెరిపింది.
కాగితం అక్కడ పలచబడి
అవతలి బల్ల చెక్క కనిపిస్తోంది.
చివరికి ఖాసీ మాటనే ఉంచేసి
అడుగున చిన్న అక్షరాల్లో: రెండు రకాలుగానూ చదవొచ్చు.

నాంగ్‌స్టాయిన్‌లో ఈ మాట పుట్టినప్పుడు
సెషన్స్ జడ్జి ఎదురుగా ఉన్నాడు, ఆయనదీ అదే భాష.
మాటకు ముందు ఆమె వక్క నమలడం ఆపిందని,
పైకప్పు వంక చూసిందని,
ముద్దాయి వంక ఒక్కసారీ చూడలేదని రాసుకున్నాడు.
ఇంకా రాశాడు: వానలో అందరి నెత్తినా క్నూప్,
నడుం దాకా దిగే వెదురాకుల తాబేటిచిప్ప.
దాని కింద నా కొడుకునైనా నేను ఆనవాలు పట్టలేను.
నిర్దోషి.

ప్రభుత్వం పైకొచ్చింది.
ఇద్దరు జడ్జీలు, ఇద్దరికీ ఖాసీ రాదు.
పెద్దాయన కళ్ళద్దాలు తుడుచుకుని అన్నాడు:
“మొదట మేమే కూర్చుని ఉంటే
బహుశా శిక్ష వేసేవాళ్ళం.”
హాలంతా ముందుకు వంగింది.
“కానీ ప్రశ్న అది కాదు.
చదివినవాళ్ళం, విన్నవాణ్ణి తప్పనాలంటే
బుద్ధున్నవాడెవడూ అలా వినలేడని తేలాలి.
అది తేలలేదు.”

పుట్టుకతోనే ప్రతివాడి నెత్తినా ఒక క్నూప్ ఉంటుందట,
నేరం రుజువయ్యే దాకా తీయకూడనిది.
కింది కోర్టు వదిలేస్తూ దాని మీద ఇంకోటి కప్పి పంపుతుందట.
రెండూ ఎగరాలంటే గాలివాన కావాలి.
ప్రాసిక్యూటరు తెచ్చింది నోటితో ఊదినంత.

వరండాలో థియోడోరా,
చచ్చిపోయిన కిర్మెన్‌కి తల్లి, వకీలు కోటు పట్టుకుంది.
“అంటే వాడు చంపలేదనా?”
“అలా అనలేదమ్మా.”
“చంపాడనా?”
“అదీ అనలేదు.”
“మరి నాలుగేళ్ళు ఇంతమంది ఏం మాట్లాడారు?”
“ఆ జడ్జి అలా అనుకోవడం
తప్పు కాదన్నారు.”
తప్పు కాదు, తప్పు కాదు అని
కొట్టువాడు చెప్పిన ధర నమ్మలేనట్టు
రెండుసార్లు అనుకుందామె.

అయిదింటికి ఒకటే సుమో మిగిలింది.
వెనక సీట్లో థియోడోరా.
డ్రైవరు పక్కన, తల వంచుకుని, తెయిబోర్.
ఎవరూ అనుకుని ఎక్కలేదు.
మైరాంగ్ మలుపులో మబ్బు రోడ్డు మీదికి దిగింది,
లైట్లు వేసినా ముందు తెలుపే.
అప్పుడు అడిగాడు డ్రైవరు, కిరాయి.
ఆమె నోటు చేతులు మారుతూ ముందుకెళ్ళింది,
ఆఖరి చెయ్యి అతనిది.
వెనక్కి తిరగలేదు. అందుకున్నాడు, అందించాడు.
మిగిలింది అదే దారిన తిరిగొచ్చింది,
మూడు పది నోట్లు, చెమట తడితో.
ఎవరి చెమటో.
ఆమె లెక్కపెట్టుకోలేదు.