పలువరుస

మర్రిగూడ బాయినీళ్లు
పాలపళ్లూడి మొలిచిన పళ్లకే
గోధుమరంగు పూసినయ్.
పేరేమో ముత్యాలు.

నేను తెర వెనక మాట అందించేటోణ్ణి.
కందిలి మోకాళ్ల నడుమ, పుస్తకం ఒళ్లె,
ముప్పై ఎనిమిదేండ్లు
ఆమె ఎడమ చెవినే చూసుకుంట బతికిన.

తొలిసారి రంగమెక్కింది చండూరు అంగట్ల,
రెండెడ్ల బండ్లు జోడించి పలకలు పరిచిన స్టేజీ.
రాజు వేషం దాసోజు బ్రమ్మయ్య
"నీ పలువరుస ముత్యాల సరమే" అని
రాగం లాగి లాగి వదిలితే
పోరి కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నది.
సిగ్గనుకున్నరు జనం.
ఈలలు దేవరకొండ దాక పోయినయ్.
ఇగ ఆ కొంగే ఆమె నటన.
పక్క కంపెనీల ఆడోళ్లు గుడ నేర్చుకున్నరు,
తెల్లటి పళ్లు పెట్టుకొని.

పెట్రోమాక్స్ వెలుగుకు దయ ఉండె.
నాలుగు గజాల అవతల ఏ పన్నైనా పన్నే.
సినిమా అట్ల కాదు, మొకం మీదికొస్తది.
పట్నంల మూడు దినాలు కూసోబెట్టి
నాలుగో దినం దీపాలేసి
కెమెరా ఎనక మనిషి ఒక్క మాటన్నడు:
"అమ్మా, నవ్వకు."

నవ్వకుండ ఇరవై రెండు సినిమాలు.
ఏడ్చే తల్లి, బోన్ల సాక్షి,
బస్సు దిగి ఎవ్వరి కోసమో చూసే మనిషి.
ఒకదాంట్ల ఒట్టి వీపే.
ఆ వీపును చూడనీకి నల్లగొండ టాకీసుకు
పదకొండు మందిమి పోయినం.
"అగో ముత్యాలు!" అని నేను లేచి నిలబడితే
ఎనకాయన కూసోమని తిట్టిండు.
నాకైతే వీపు కొత్త.
నేనెప్పుడూ పక్కనించే చూసిన.

నలభై దాటంగనే మోకాళ్లు బిగుసుకున్నయ్.
అవే నీళ్లు.
మునుగోడుల ఒక రాత్రి, రాణి కుప్పకూలే సీను.
"పడిపో, పడిపో" అని నేను గుసగుస పెడ్తనే ఉన్న,
ఆమె గుంజకు ఆనుకొని
కండ్లు తెరిచే పానం ఇడిసింది.
పడలే.
తబలా ఆయన చెయ్యి గాలిల్నే ఉండిపోయింది.
ముందు వరుసల ముసలోళ్లు లేచి దండం పెట్టిండ్రు.
తెల్లారి పుస్తకంల నేనే దిద్దిన,
నా చేతిరాత మంచిగుండదు, అయినా రాసిన:
ఇచట రాణి నిలబడి మరణించును.

కంపెనీ ఇరిగిపోయింది.
తెరలు అమ్మితే టెంటోళ్లు కొన్నరు.
బ్రమ్మయ్య కిరీటం ఆయన మనుమరాలు
బొమ్మకు పెట్టి ఆడుకున్నది, అది గుడ పోయింది.

మొన్న డిండి కట్ట మీద సీరియల్ షూటింగ్.
శవం వేషం, దినానికి ఎనిమిది నూర్లు.
బంతిపూల దండ కింద, ఎండల,
ఈగ వాలినా రెప్ప కదలకుండ పండింది.
డైరెక్టర్ పిలగాడు కట్ అన్నడు.
లేవలే.
మల్ల కట్ అన్నడు.
ఏం నటన, ఏం నటన అని యూనిటంతా చప్పట్లు.
నాకొక్కనికే ఎరుక, మోకాళ్లు పట్టేసినయ్.

ఉరికి పోయి ఎడమ చెవి కాడ కూసున్న.
మాట అందియ్యాలె. ఏం మాట?
పుస్తకం లేదు, కందిలి లేదు.
నోటికొచ్చింది అన్న:
"ముత్యాలూ, మీ తల్లిగారి ఊరికి
నల్లాలల్ల కృష్ణ నీళ్లొస్తున్నయంట."

దండ కింద ఆమె నవ్వింది.
పళ్లన్నీ బయట పెట్టి,
రెండు చేతులు కట్టేసి ఉన్నయాయె,
కొంగు తెచ్చుకోలేదు.
"ఆపకు, ఆపకు" అని పిలగాడు కెమెరాను ఉరికిచ్చిండు.
తర్వాత తీసేసిండ్రంట.
శవం నవ్వొద్దు కదా.

పొద్దుగూకినంక ఆటోల వస్తుంటే
ఎనిమిది నూర్లు మూడుసార్లు లెక్కపెట్టింది.
కొండమల్లేపల్లి కాడ చాయ తాగిపిచ్చింది.
గ్లాసెడు నీళ్లడిగి
నోట్ల పోసుకొని శానసేపు ఉంచుకొని
రోడ్డు పక్కకు ఉమ్మి
అడిగింది నన్ను:
"తియ్యగున్నయంటనా?"