బస్రా నుంచి రావాల్సిన ఎత్తు

కువైట్‌కు వచ్చిన మూడో దినం,
కైఫాన్‌లో వాళ్ళిల్లు, దుమ్ముగాలి అప్పుడే తగ్గింది.
తుడుచుకుంటా పోతే మూలగదిలో చదరంగం పలక.
కాయలు యాడంటే ఆడ ఉండాయి,
సగం పలక మీద, సగం పక్కన.
పిల్లోళ్ళు ఆడి వదిలేసినారనుకొని
ఒక్కొక్కటే తడిగుడ్డతో తుడిచి
తెల్లవి ఈపక్క, నల్లవి ఆపక్క
పొందిగ్గా పేర్చి పెట్టినా.
రాయచోటి టైర్లంగడిలో మా మేనమామ
పేర్చేది చూసినదాన్నే కదా.

ఇంటామె చూసి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకునె.
అబూ మిషారి వచ్చి నిలబడినాడు.
తిట్టలే.
పలకకు వీపు పెట్టి, కిటికీ తట్టు తిరిగి
ఒక్కో కాయ, ఒక్కో గడి చెప్తా పోయినాడు.
డ్రైవర్ అష్రఫ్ పెడతా పోయినాడు.
పలక మీద నిలిచినవి పదమూడు.
ఇరవైమూడేండ్లుగా అవి కదల్లేదంట.

బస్రాలో హాషిం అని ఒకాయన.
ఒకరి మొగం ఒకరు చూసింది ఒక్కసారే,
బాగ్దాదులో పోటీ జరిగిన ఏడు.
ఆ పొద్దు మా బాబా ఓడిపోయినాడు.
తర్వాత ఆట కార్డుల మీద.
ఎత్తుకొక కార్డు, కార్డుకు పది దినాలు.
ఎత్తు కింద రెండు మాటలు:
బిడ్డకు పండ్లొచ్చినాయి.
ఈ ఏడు ఖర్జూరం పలచన.
నీ గుర్రం జాగ్రత్త.
ముప్పై ఒకటో ఎత్తు పోస్టుడబ్బాలో వేసింది
ఆగస్టు ఒకటో తేదీ సాయంత్రం.
తెల్లారేసరికి వీధుల్లో ట్యాంకులు.

సిపాయిలు ఈ ఇంట్లోకీ వచ్చినారంట.
ఫ్రిజ్జు, తివాచీలు, వెండికప్పులు నాలుగు,
పెద్ద ఆటగాడని క్లబ్బువాళ్ళిచ్చిన గోడగడియారం,
అన్నీ లారీ ఎక్కినాయి.
మీసం రాని సిపాయి ఒకడు పలక ముందర ఆగి
చానాసేపు చూసి
"నల్లోనికి బాగుంది" అని
టీవీ మోసుకొని పోయినాడంట.
అది చెప్పి నవ్వుతాడు బాబా.
"వాడన్నది నిజమే, రీదా."
రెడ్డెమ్మ ఆయన నోట్లో తిరగదు.

పొద్దున నీళ్ళ శాఖలో గుమాస్తా, రాత్రంతా ఆట.
బేరూతుకు పోయినాడు, టునీసుకు పోయినాడు.
ఓడినవి మొదటి ఎత్తు నుంచి చెప్తాడు.
గెలిచినవి అడిగితే
బిస్కెట్ డబ్బాలో కాగితాలుండాయి చూసుకో అంటాడు.

కాళ్ళకు నూనె రాసే పొద్దుల్లో నాకూ నేర్పినాడు.
ఏనుగు కాడ తగువొచ్చె.
మా తట్టు ఏనుగు మూలలో నిలబడి నేరుగా నడుస్తాది.
ఆయన ఏనుగు వాలుగా పోతాది, మూలలో ఉండేది కోట.
ఏనుగును ఎప్పుడన్నా చూసినావా బాబా అంటే
"నువ్వు?" అనె.
తిరపతిలో చూసినా, ఊరేగింపులో.
నేరుగానే నడిచింది.
దానికాయన జవాబు చెప్పలే.

పోయినేటి నుంచి
మందు మింగినంక, మందేదీ అంటాడు.
కొడుకును పిలిస్తే చనిపోయిన తమ్ముడి పేరొస్తాది.
రంజాన్ నెలలో ఒక రాత్రి
మనవడు పరిగెత్తుకొచ్చి బల్లకు తగిలినాడు.
కాయలన్నీ కింద.
బాబా పలక ముందర కూర్చున్నాడు.
తెల్లరాజును చేతిలో పట్టుకొని
యాడ పెట్టాల్నో తెలీక
అంగీ జేబులో వేసుకున్నాడు.

అంట్లచేతులు తుడుచుకొని వచ్చినా.
పదేండ్లు దినామూ ఎత్తి, తుడిచి,
మళ్ళా ఆ తావులోనే పెట్టిన వేళ్ళు.
కిటికీ తట్టు తిరగలేదు, అంత గొప్ప నాకు లేదు.
పన్నెండు పెట్టినా.
జేబులోది అడిగి తీసుకొని పదమూడోది.

"ఈ ఎత్తు ఎవరిది?" అనె.
బస్రాది, బాబా.
"కార్డొచ్చిందా?"
ఇంకా లేదు.
"వస్తాది. ఆ మనిషి నిదానం."

ఒక నల్లబంటు మీద మాత్రం నాకు అనుమానం.
ఈ గడిలోనో, ఇంకొక గడి ముందరనో.
తెలిసినోళ్ళు ఈ ఇంట్లో ఎవరూ లేరిప్పుడు.
తుడిచేటప్పుడు దాన్ని ఎత్తను.
చుట్టూ తుడుస్తాండా.