నల్లసిరా

ఆడెపు నరహరి మా గల్లీ మనిషే.
కొత్తవాడల మగ్గం గుంతకు కాళ్లు అందకముందే
ఉర్దూ నేర్చిండు, ఇంగిలీషు నేర్చిండు,
లడాయికి పోయిండు. తుపాకి పట్టలే.
డేరాల లాంతరు కింద కూసోని
తెలుగు సిపాయిల జాబులు చదివే వేగు పని.
ఊరి పేరుంటే కొట్టెయ్యాలె,
ఏరు పేరుంటే కొట్టెయ్యాలె,
కంచరగాడిదలు ఎన్ని సచ్చినయో రాస్తే కొట్టెయ్యాలె.
కుంచె, సీసా నిండ నల్లసిరా,
మూడేండ్లు.

మా అమ్మమ్మ ఓదెమ్మకు వచ్చింది ఒక్కటే జాబు.
"జొన్నలు అమ్మకు" అని ఉన్నది,
"చిన్నదానికి టీకా ఏయించు" అని ఉన్నది,
నడుమల రెండు వేళ్ల మందం చీకటి,
దాని అంచుకు ఆ.న. అని పొడి అక్షరాలు.
తాత రాలేదు. పించను వచ్చింది.

నరహరి కూడా రాలేదు.
పెనాంగుల ఉండిపోయిండు.
మద్రాసు నుంచి పాత అచ్చు తెప్పించి
రేవు కూలీలకు, రబ్బరు తోటలోళ్లకు
'తూర్పుగాలి' అని వారపత్రిక పెట్టిండు.
బియ్యం ధర, ఓడల రాక, చావు కబుర్లు,
నాలుగో పేజీ మూలకు ఒక డబ్బా:
"నేను కొట్టేసినవి."
వారానికొక్క వరుస. పేరుండదు, ఊరుండదు.
యాదికున్నంత మట్టుకు, అని కింద సన్నక్షరాలు.

నెలకోసారి నాలుగు పేపర్లు చుట్టి గల్లీకి పంపేటోడు.
నేనప్పుడు నాలుగో తరగతి. చదివి వినిపించుడు నా వంతు.
అమ్మమ్మ కండెలు చుట్టుకుంట వినేది.
"చీకటి పడ్డంక ఇక్కడ మిణుగురులు తప్ప ఏం లేవు."
కాదు, అనేది. ఆయన పురుగుల ముచ్చట ఎత్తడు.
"మా సార్జంటు ఏడ్చిండు."
కాదు.
ఆ ప్రెస్సుల 'ళ' అచ్చు తక్కువ. ఒకసారి
"నీ కల్లు యాదికొస్తున్నయి" అని పడ్డది.
తాగుబోతోని జాబు, మనది కాదు, అని
రాట్నం ఆపి నవ్వింది.

పదకొండేండ్లు విన్నది.
నా గొంతు మారింది, చదువుడు ఆగలే.
ఆఖరి సంచిక ఒకే ఆకు, రెండే పేజీలు.
నాలుగో పేజీ లేదు, డబ్బా మాత్రం ఉన్నది:
"ఒక్కటి ఎంత తవ్వినా దొరుకతలేదు.
మా కొత్తవాడ జాబు అది. చేతిరాత గుర్తుపట్టిన.
గుర్తుపట్టినందుకే తొందరగ కొట్టేసిన."

నేను తలెత్తలే.
అవతలి ఇంట్ల నాడె ఆగి మళ్ల నడిచింది.
అజంజాహి మిల్లు సైరను రెండో పాలికి కూసింది.

తెగిన పోగును ఉమ్ముతడితో అతికి
"పాడు మాటయితే యాదుండేదిరా," అన్నది అమ్మమ్మ,
"మంచిదే అయ్యుంటది."
జాబు తియ్యమనలే. పేపరు మలిచి
ఉడుకుతున్న రంగు గోళెం మూతకు సందుల ఒత్తింది,
ఆవిరి పోకుంట.