బదులు ఇల్లు

కోసిగి దాటి తొమ్మిది కిలోమీటర్లు.
రేగడి నెర్రెల్లో ఎండ దిగబడిన జనవరి.
ట్యాబులో ఏడో నంబరు ఇల్లు:
తిక్కన్న, తండ్రి ఈరన్న, మనుషులు అయిదుగురు.
తలుపుకు తాళం.
తాళానికి పాత చీర పీలిక చుట్టి ఉంది,
దుమ్ము దూరకుండా కాబోలు,
మళ్లీ తిప్పాల్సిన రోజు కోసం.

"గుంటూరికి పోయినారు సార్, మిరపకాయలు కోసేకి.
పిల్లోల్ని గూడా పిల్చుకపోయినారు.
ఉగాదికి గానీ రారు."
పక్క గోడ మీద పిడకలు చరుస్తున్న చెయ్యి చెప్పింది.
చెయ్యే చెప్పింది. మొగం ఇటు తిరగలేదు.

నా దగ్గర అన్నిటికీ గడులున్నాయి.
జొన్నలకొకటి, రాగులకొకటి,
కొన్నదా, పండించిందా, ఎవరన్నా ఇచ్చిందా.
గుడ్లయితే ఏడు రోజులది చెప్పాల,
సబ్బులయితే నెలది,
చెప్పులయితే ఏడాదిది.
తాళానికీ ఉంది ఒక గడి:
ఎవరూ లేరు. కారణం ఎంచుకోండి.

ఎంచుకున్నాను.
నాకు ఇంటికింతని కూలి.
తాళం వేసిన ఇంటికి రాదు.
ట్యాబు గిర్రున తిరిగి ఇంకో ఇల్లు చూపించింది.
దాన్ని మేము బదులు ఇల్లు అంటాం.

చేబదులు ఈ ఊరికి కొత్త కాదు.
గిద్దెడు చక్కెర, పొయ్యిలోకి నిప్పు,
తీసుకున్నది తిరిగొస్తుంది.
ఇంటికి ఇల్లు బదులియ్యడం మాత్రం
నేను తెచ్చిన ఆచారం.

బదులు ఇల్లు పంపాపతి శెట్టిది.
ముందర అంగడి, వెనక సంసారం,
నడుమ గోనెపట్ట తెర.
"వారంలో గుడ్లెన్ని?" అంటే
జలజాక్షమ్మ కొంగు అడ్డం పెట్టుకొని నవ్వింది.
నెయ్యి, రెండు కిలోలు.
ఎండుకొబ్బరి, ఆదోని కారా, ఇన్వర్టరుకు కొత్త బ్యాటరీ,
కర్నూల్లో పిల్ల కోచింగు ఫీజు.
ఒక్కటీ దాచలేదు, పాపం.
గడులన్నీ పచ్చబడినాయి.

అప్పుడడిగినాడు శెట్టి:
"ఆ తిక్కన్నది రాసుకోవా?
వాళ్లింట్లో ఏం ఉడికిందో
వాళ్లకంటే నాకే బాగా గుర్తు."
ఎర్ర అట్ట పుస్తకం నా ముందర తెరిచినాడు.

పామాయిలు, వంద గ్రాములు.
టీపొడి, అయిదు రూపాయలది.
షాంపూ ఒకటి. టీపొడి, అయిదు రూపాయలది.
రేషను బియ్యం ఎనిమిది కిలోలు, జమ.
(పై లెక్కలో అది తిన్న బియ్యం.
ఈ లెక్కలో చిన్నదాని చెప్పుల జత.)
బొరుగులు శేరు.
జరం బిళ్ల ఒకటి. ఇంకొకటి. ఇంకొకటి.
తర్వాత మూడు దినాలు ఏమీ లేదు.
నూనె లేదు, టీపొడి లేదు, తేదీలున్నాయి.
శెట్టి వేలు ఆ జాగాను దాటుకొని పోయింది.
నా కన్ను పోలేకపోయింది.
అటెంక: నగదు నాలుగు వందలు, బస్సుకి.
అడుగున సున్నా చుట్టి,
వసూలు మిరపకాయలైనాక.

"రాసుకో సార్."
"గడి లేదు."
"అంటే లెక్కలో వాళ్లిల్లు లేనట్టేనా?"
"ఉంది. మీ ఇల్లే వాళ్లిల్లు."
శెట్టి మాట్లాడలేదు.
తెర వెనక నెయ్యి గిన్నె మీద
మూత పెట్టిన చప్పుడు.

ఎప్పుడో, ఏ చల్లటి గదిలోనో
ఈ ఊరిని కూడి, తలలతో భాగిస్తారు.
శెట్టి నెయ్యి చుక్క చుక్కగా కారి
తాళం వేసిన ఇళ్లలో
కడిగి బోర్లించిన గిన్నెల మీద పడుతుంది.
ఊరు కొంచెం ఒళ్లు చేసినట్టు కనపడుతుంది.

అక్కడ గుంటూరు పక్క ఏ కల్లంలోనో
నాలాంటోడే ఒకడు ట్యాబు పట్టుకొని తిరుగుతుంటాడు.
టార్పాలిను పట్టకు ఇంటి నంబరుండదు.
చేతులు మండుతున్న అయిదుగురి పక్కనుంచి
దండం పెట్టి దాటిపోయి ఉంటాడు.

పొద్దు వాలినాక బండి ఎక్కబోతూ
ఏడో నంబరు తాళం ఒకసారి లాగి చూసినాను,
ఎందుకో.
గట్టిగానే వేసినారు.
లోపల పోగొట్టుకునేది ఏదో
ఇంకా మిగిలి ఉన్నట్టు.