రేవు గంట

ఒహాయో నదికి దక్షిణపు ఒడ్డున, మేస్‌విల్‌లో,
మా నాన్న తారుతో రాసిన పలక ఉండేది.
గుర్రం, పన్నెండు సెంట్లు.
పంది, రెండు.
యజమాని వెంట బానిస, అయిదు.
మనిషి, పది.
అక్షరాలు దాని మీదే నేర్చుకున్నాను.
పందికీ మనిషికీ నడుమ ఆ వరుస ఎందుకుందో
అడగాలని తోచలేదు.

అవతలి ఒడ్డు తగిలేదాకా సరుకు.
తగిలాక ఏమిటో,
చట్టం చదివినవాళ్లే తలోమాటా చెప్పేవారు.

నాకు పదకొండేళ్లప్పుడు నది గడ్డకట్టింది.
పడవలు ఒడ్డెక్కి బోర్లా పడుకున్నాయి.
అర్ధరాత్రి మంచు మీద అడుగుల చప్పుడు,
తడిగోనె ఈడ్చినట్టు, ఆగి, మళ్లీ.
దొంగలు పడితే గంట కొట్టమని నాన్న నేర్పాడు.
కొట్టాను.
రెండు చేతులా, తాడుకు వేలాడి.

తెల్లారి ఒకణ్ణే పట్టుకొచ్చారు. ప్రైమస్,
పొగాకు కొట్టంలో పనివాడు.
చెప్పుల బదులు మొక్కజొన్న పొట్టు చుట్టుకున్నాడు.
వెంట ఉన్న ఆడమనిషి దొరకలేదట.
నాకో వెండి డాలరు ఇచ్చారు.

ఆ వసంతంలో చర్చి రెండయింది.
పాటలు అవే, దేవుడూ ఆయనే,
బల్లలు మాత్రం రంపంతో కోసి పంచుకున్నారు.
మరుసటేడు అవతలివాళ్లు మా పిండి కొనడం మానేశారు.
అత్త కూతురి పెళ్లికి రానివాళ్లు
రాలేమని ఉత్తరమైనా రాయలేదు.
గొడవ పన్నులదని ఒక పత్రిక, హక్కులదని ఇంకొకటి.
మా పలక మీది అయిదు సెంట్ల వరుస గురించి
ఒక్కరూ రాయలేదు.

అరవై ఒకటిలో అన్నలిద్దరూ ఒకే ఉదయం
అమ్మ కాల్చిన రొట్టె చెరిసగం మూటగట్టుకున్నారు.
ఆసాను నేనే దాటించాను.
లెమ్యుయెల్ దక్షిణానికి నడిచిపోతూ
కుక్కను ఇంటికి పొమ్మని అదిలించడానికి ఒక్కసారి ఆగాడు.
కుక్క తిరిగొచ్చింది.

ఎక్కడో సముద్రపు కోట మీద పేలిన ఫిరంగితో
యుద్ధం మొదలైందంటారు.
నేను విన్న మొదటి చప్పుడు అంత దూరంది కాదు.

అరవై ఆరులో, అవతలి రేవులో ఒకామె పడవెక్కింది.
పది సెంట్లూ ఒక్కొక్కటే
చప్పుడయ్యేలా నా అరచేతిలో పెట్టింది.
ప్రైమస్ అనే మనిషిని ఎరుగుదువా అంది.
ఆ చలికాలమే దిగువకు అమ్మేశారన్నాను.
చాలాసేపు తెడ్డు చప్పుడే.
దిగబోతూ అడిగింది,
ఆ గంట ఇంకా మోగుతుందా?
తాడు చివికిపోయిందన్నాను.

చివకలేదు.