ఓడ కూతకి జవాబు

పగలంతా సింధియా దగ్గర యార్డులో
ఓడ పొట్టలో దూరి వెల్డింగు చేస్తాను.
మాటలక్కర్లేని పని.
ముఖానికి నల్లద్దం, చెవుల్లో దూది.
ఇంటికొచ్చాక కూడా ఆ అద్దం తియ్యనని
సత్యవేణి గొడవ.

మా అయ్యా అంతే.
రేవులో బస్తాలు మోసి వచ్చి
గుమ్మంలో కూచుని బీడీ ముట్టించేవాడు.
నేనేదైనా అడిగితే
పొగ వదిలేవాడు.
అదే సమాధానం.

ఇప్పుడు మల్కాపురంలో మా రెండు గదుల్లో
పది నెలల పిల్ల, పైడి.
అంగన్‌వాడీ అప్పలనర్స టీచరు
గుడ్లు లెక్కపెట్టి సంచిలో వేస్తూ అడిగింది:
"ఏటి బాబూ, గుంటతోటి మాటాడతన్నావా?"
దానికేం తెలుస్తుందండీ, అన్నాను.
"తెలీదనే కదేటి మాటాడమంతన్నాను!
అది ఊఁ అంటే నువ్వు ఊఁ అను.
ఆగు. మల్లీ దాన్ని అననీ.
ఆ ఇచ్చిపుచ్చుకోడంలోనే బుర్రలో
దారం దారం ముడిపడతాది.
వాడని దారం ఊడిపోతాది.
ఈ మూడేళ్ళూ సానా గట్టివి,
తరవాత సూద్దారనుకోకు."

ఆ సాయంత్రం ప్రయత్నించాను.
ఇది గిన్నె, అన్నాను.
ఇది… ఇదీ గిన్నే.
గోడకవతల దేముడు నవ్వాడు.
చెవులు కాలాయి.
ఫోను తీసి పిల్ల ముందు పెట్టాను.
ఫోనుకి ఎవరి ముందూ సిగ్గుండదు.
అందులో కోడిపుంజు గెంతింది, పాడింది,
పిల్ల ఏడుపు మానింది.
దాని కళ్ళు మాత్రం
ఐసు మీద పరిచిన వంజరం కళ్ళలా
కదలకుండా ఉన్నాయి.
చూశాను. చూసి,
అన్నం తిన్నాను.

కార్తీకంలో వాయుగుండం పట్టింది.
కరెంటు పోయింది. ఫోను చచ్చిపోయింది.
ఆసుపత్రిలో ఆయా డ్యూటీకెళ్ళిన సత్యవేణి
నీళ్ళు తగ్గేదాకా రాలేనని కబురు.
రేకులు డబడబ కొట్టుకుంటున్నాయి,
పిల్ల గుక్కపెట్టింది.
పాలు తాగదు, భుజం మీద ఆగదు.
నా దగ్గర మాటలు లేవు. గిన్నె కూడా గుర్తు రాలేదు.

అప్పుడు రేవులోంచి ఓ ఓడ కూసింది.
ఏం తోచక నేనూ కూశాను:
బూఁ…

ఏడుపు తెగింది.
కొవ్వొత్తి వెలుగులో
అది నా నోటికేసి చూస్తోంది,
కూత ఎక్కణ్ణించి వచ్చిందో వెతుకుతున్నట్టు.
మళ్ళీ కుయ్యబోయి, ఆగాను.
అతుకు చల్లారేదాకా ఆగడం తెలుసు నాకు.
మనిషి కోసం ఆగడం
ఆ రాత్రే నేర్చుకున్నాను.
చాలాసేపు పట్టింది.
చిన్న పెదాలు గుండ్రంగా ముడుచుకుని,
ఓ చొంగ బుడగ పొంగి, పగిలి…
బ్బూ.

నేను బూఁ. అది బ్బూ.
ఆపైన నోరు దానంతటదే తెరుచుకుంది.
ఇనప రేకు ఎర్రబడితే ఏ రంగో చెప్పాను,
క్యాంటీన్ సాంబారు గురించి చెప్పాను,
మేస్త్రీని తిట్టాను,
అది చెయ్యి ఊపితే ఆగి "ఏటీ?" అని అడిగాను.
మా అయ్య మాట్లాడి ఉంటే
ఏమనేవాడో
అదీ నేనే చెప్పాను, ఆయన గొంతుతో.
ఎందుకో దానికి అదే బాగా నచ్చింది.

తెల్లారి తడిసి ముద్దై వచ్చిన సత్యవేణి
నా గొంతు విని భయపడింది,
జలుబు చేసిందేమోనని.

టీచరు చెప్పిన దారాలు నేను చూళ్ళేదు.
ముడి పడ్డాయో లేదో
పైకి కనబడే పని కాదు అది.
కానీ ఇప్పుడు, సాయంత్రాలు,
పిల్లనెత్తుకుని డాబా మీద నిలబడతాను.
యారాడ కొండ పక్కనించి ఓడ జరుగుతూ
ఒక్క కూత పెడుతుంది.
డాబాల మీద జనమంతా
ఓడకేసి తిరుగుతారు.

పైడి నాకేసి తిరుగుతుంది,
పెదాలు సిద్ధం చేసుకుని,
వంతు నాదని.

దేముడు చూస్తున్నాడు.
చూడనీ.